పనిదినం 8 గంటలా, 10 గంటలా? అసలు లెక్క ఎక్కడుంది?

క్లుప్తంగా: రోజుకు ఎన్ని గంటలు పని అన్న ప్రశ్నకు చట్టంలో ఒక్క అంకె ఉండదు, నాలుగు ఉంటాయి. రోజు పరిమితి, వారం పరిమితి, గేటు లోపల గడిపే మొత్తం సమయం, ఓటీ (ఓవర్‌టైం, అంటే మామూలు గంటలు దాటి చేసే పని) పరిమితి. రెండు వందల ఏళ్లుగా గొడవ ఎక్కువగా మొదటి అంకె మీదే నడిచింది. కార్మికుడి రోజును మార్చింది మాత్రం చాలాసార్లు మిగతా మూడే. ఆంధ్రప్రదేశ్, తెలంగాణలలో 2025లో వచ్చిన మార్పులను కూడా అలా విడదీసి చూస్తేనే అర్థమవుతాయి.

2025 జూన్‌లో ఆంధ్రప్రదేశ్ మంత్రివర్గం ఫ్యాక్టరీల్లో రోజువారీ పని పరిమితిని 9 గంటల నుంచి 10కి పెంచాలని నిర్ణయించింది. సెప్టెంబరులో శాసనసభ ఆ సవరణను ఆమోదించింది. మధ్యలో జులైలో తెలంగాణ ప్రభుత్వం వాణిజ్య సంస్థల్లో రోజుకు 10 గంటల వరకు పనికి అనుమతిస్తూ ఉత్తర్వు ఇచ్చింది. ఇందులో దుకాణాలు లేవు. ఇక నవంబరు 21న కేంద్రం పాత కార్మిక చట్టాల స్థానంలో నాలుగు లేబర్ కోడ్‌లను అమల్లోకి తెచ్చింది. అందులో భద్రత, ఆరోగ్యం, పని పరిస్థితుల కోడ్ రోజుకు 8 గంటలే అంటోంది.

దీంతో అయోమయం. ఒకరు 10 అంటారు, ఒకరు 8 అంటారు. వారానికి 48 గంటలు దాటకూడదన్న నియమం ఎక్కడా మారలేదని ప్రభుత్వాలు చెబుతాయి. మేడే సాధించిన హక్కు పోయిందని కార్మిక సంఘాలు చెబుతాయి. నిజానికి 1948 నాటి ఫ్యాక్టరీల చట్టంలోనే రోజు పరిమితి 8 కాదు, 9. అంటే "8 గంటల పనిదినం" అన్న మాట మన దగ్గర చాలామంది అనుకున్నంత సూటిగా ఆ ఫ్యాక్టరీల చట్టంలో ఎప్పుడూ లేదు. ఉన్నది వారానికి 48. దాన్ని ఆరుతో భాగిస్తే 8 వస్తుంది, అంతే.

రోజు కూలి, గుత్త

గడియారం రాకముందు పనిని గంటల్లో కొలిచేవారు కాదు. పొద్దు పొడిచింది, నెత్తి మీదికొచ్చింది, వాలింది, గూకింది అన్నవే కొలతలు. అయితే ఒక తేడా మాత్రం వ్యవసాయంలో ఎప్పటినుంచో ఉంది, ఇప్పటికీ ఉంది. నాట్లు రోజు కూలికి వేయించవచ్చు, లేదా ఎకరాకు ఇంత అని గుత్తకు ఇవ్వవచ్చు. రోజు కూలి అయితే రైతు గట్టు మీద నిలబడి చూసుకోవాలి, ఎందుకంటే అతను కొన్నది సమయాన్ని. గుత్త అయితే చూడాల్సిన పని లేదు. కూలీలు తెల్లవారకముందే దిగి, పని ముగించుకుని త్వరగా వెళ్లిపోతారు.

పరిశ్రమల చరిత్రలో సగం ఈ రెండింటి మధ్య ఊగిసలాటే. పాతకాలం ఇంగ్లండ్ నేతగాడు ఇంట్లో మగ్గం పెట్టుకుని గుత్త పద్ధతిలోనే నేసేవాడు. వ్యాపారి నూలు ఇచ్చి, గుడ్డ తీసుకుని, గుడ్డకు ఇంత అని డబ్బిచ్చేవాడు. సోమవారం పని ఎగ్గొట్టి శుక్రవారం రాత్రంతా నేసినా అడిగేవాడు లేడు. సోమవారం ఎగ్గొట్టడం ఎంత మామూలంటే, దానికి సరదాగా ఓ పుణ్యపురుషుడి పేరు కూడా పెట్టుకున్నారు.

1771లో రిచర్డ్ ఆర్క్‌రైట్ క్రామ్‌ఫర్డ్‌లో నీటి బలంతో నడిచే నూలు మిల్లు కట్టడంతో ఈ స్వేచ్ఛకు గండి పడింది. ఏరు ఆగదు, చక్రం ఆగదు. మిల్లు 12 గంటల చొప్పున రెండు షిఫ్టుల్లో రాత్రింబవళ్లు తిరిగింది. 1805 ప్రాంతంలో సాల్ఫర్డ్‌లో ఒక మిల్లుకు గ్యాస్ దీపాలు వచ్చాయి. అప్పటిదాకా చాలా మిల్లులకు పొద్దే ఒక హద్దు. చీకటి పడితే పని ఆగేది. దీపం ఆ హద్దును చెరిపేసింది.

యంత్రం ఆగితే వడ్డీ ఆగదు

మిల్లు యజమాని ఎక్కువ గంటలు ఎందుకు కోరతాడు? అత్యాశ అనేస్తే సమాధానం తేలికే గానీ అది సగమే. యంత్రాలు, భవనం, ఆవిరి ఇంజన్ అన్నీ అప్పు తెచ్చి ముందే కొన్నవి. అవి తిరిగినా ఆగినా వడ్డీ నడుస్తుంది, తుప్పు పడుతుంది, ఈలోగా పక్కవాడు కొత్త మోడల్ తెస్తాడు. కాబట్టి కొన్న యంత్రాన్ని వీలైనంత తొందరగా అరగదీసి డబ్బు రాబట్టుకోవడంలోనే లాభం. 1837లో నాసో సీనియర్ అనే ఆర్థికవేత్త ఈ వాదనను చివరి అంచుకు తీసుకెళ్లాడు. మిల్లు లాభం అంతా రోజులో చివరి గంటలోనే వస్తుందని, ఆ గంట తగ్గిస్తే లాభం సున్నా అవుతుందని లెక్క వేశాడు.

పదేళ్లకు, 1847లో, మహిళలకు, 18 ఏళ్లలోపు వారికి 10 గంటల చట్టం వచ్చింది. లాభాలు సున్నా కాలేదు. యజమానులు యంత్రాల వేగం పెంచారు, ఒక్కొక్కరికి ఎక్కువ యంత్రాలు అప్పగించారు. కార్మికుడు తక్కువ సేపు, కానీ ఊపిరి సలపకుండా పనిచేశాడు. గంటలు తగ్గితే ఒత్తిడి పెరుగుతుందన్న ఈ సూత్రం తర్వాత ఎన్నోసార్లు ఎదురైంది. గంటల కోసం పోరాడేవాళ్లకు అది చేదు నిజం, గంటలు తగ్గితే పరిశ్రమ మునుగుతుందని భయపెట్టేవాళ్లకు అంతకంటే చేదు.

గేటు గడియారం ఎవరిది?

బ్రిటన్‌లో 1833 నాటి ఫ్యాక్టరీ చట్టం నుంచి చూస్తే అసలు కిటుకు బయటపడుతుంది. 9 నుంచి 13 ఏళ్ల పిల్లలకు వారానికి 48 గంటలు, 13 నుంచి 18 ఏళ్ల వారికి రోజుకు 12 గంటలు అని ఆ చట్టం పరిమితి పెట్టింది. (ఇప్పుడు పెద్దవాళ్లకు గొప్పగా చెప్పుకునే 48 అంకె అప్పట్లో తొమ్మిదేళ్ల పిల్లలది.) దేశం మొత్తానికి నలుగురు ఇన్‌స్పెక్టర్లను నియమించింది.

కానీ ఈ గంటలు ఎప్పుడు పని చేయించుకోవాలన్న దానికి ఉదయం ఐదున్నర నుంచి రాత్రి ఎనిమిదిన్నర దాకా, ఏకంగా 15 గంటల వెసులుబాటు ఇచ్చింది. యజమానులు దీన్ని పట్టుకున్నారు. పిల్లలను, 1844లో చట్టం పరిధిలోకి వచ్చాక ఆడవాళ్లను విడతలుగా లోపలికి పిలవడం, రెండు గంటలు పని చేయించడం, గంట సేపు ఖాళీగా కూర్చోబెట్టడం, మళ్లీ పిలవడం. ఒక్కొక్కరు పనిచేసింది చట్టం చెప్పినన్ని గంటలే అని పుస్తకంలో ఉంటుంది. ఇంటికి మాత్రం రాత్రికే చేరతారు. ఎవరు ఎప్పుడు లోపలికొచ్చారో, ఎప్పుడు ఆగారో ఇన్‌స్పెక్టర్ కనిపెట్టే వీలే లేదు. 1850లో న్యాయస్థానం కూడా ఈ రిలే పద్ధతి చట్టవిరుద్ధం కాదంది.

దాంతో అదే ఏడాది పార్లమెంటు దారి మార్చింది. గంటలను కాకుండా రోజు అంచులను కట్టేసింది. ఉదయం 6 నుంచి సాయంత్రం 6, లేదా 7 నుంచి 7. మధ్యలో భోజనాలకు గంటన్నర. శనివారం మధ్యాహ్నం 2కి బంద్. అంటే రోజుకు పదిన్నర గంటలు, వారానికి 60. పని గంటలు 10 నుంచి పదిన్నరకు పెరిగాయి, అయినా మోసం తగ్గింది. ఆరు తర్వాత మిల్లులో ఒక ఆడమనిషి కనిపిస్తే చాలు, అది నేరం. లెక్కల పుస్తకం తిరగేయక్కర్లేదు.

గడియారం కూడా ఇలాంటి సమస్యే. యజమాని చేతిలో గడియారం ఉంటే ఉదయం ముందుకు, సాయంత్రం వెనక్కు జరిగేది. అందుకే 1844 చట్టం పని సమయాన్ని రైల్వే గడియారం లాంటి బహిరంగ గడియారంతో సరిచూడాలని ప్రత్యేకంగా రాసింది. గేటులో అడుగుపెట్టిన క్షణం నుంచి బయటికొచ్చే దాకా మొత్తం సమయాన్ని ఈరోజు మన చట్టాల్లో "స్ప్రెడ్ ఓవర్" అంటున్నాం. ఆ మాట వెనక ఈ కథంతా ఉంది.

బొంబాయి మిల్లులు, మాంచెస్టర్ జాలి

కావస్జీ నానాభాయ్ దావర్ 1854లో స్థాపించిన బొంబాయి స్పిన్నింగ్ అండ్ వీవింగ్ కంపెనీతో మన దేశంలో ఆధునిక నూలు మిల్లుల యుగం మొదలైంది. దీపాల్లేని రోజులు గనుక పొద్దు పొడుపు నుంచి పొద్దు గూకే దాకా పని. చలికాలం కాస్త తక్కువ, వేసవిలో 13 గంటల పైమాటే. ఈ మిల్లులకు కూలీలుగా కొంకణ తీరం నుంచి ఎక్కువమంది వచ్చారు. నిజాం రాజ్యం నుంచి మన నేతవాళ్లు, తాపీ పనివాళ్లు కూడా బొంబాయి చేరారు. మిల్లులు రాకముందే ఇలా వెళ్లిన తెలుగు కూలీలైన కామాఠీల పేరు మీదే బొంబాయిలో కామాఠిపురా అనే పేట వెలిసింది.

భారత కార్మికుల పని గంటలు తగ్గించాలని మొదట గట్టిగా అడిగినవాళ్లలో మాంచెస్టర్ మిల్లు యజమానులు ఉండటం చరిత్రలో ఓ వింత. తమకు ఫ్యాక్టరీ చట్టాలున్నాయి, బొంబాయికి లేవు, కాబట్టి బొంబాయి నూలు చవగ్గా వస్తోందని వాళ్ల బాధ. దీంతో దేశంలోని జాతీయవాద పత్రికలు చాలా వరకు ఫ్యాక్టరీ చట్టాన్ని దేశీయ పరిశ్రమ మీద కుట్రగా చూశాయి. కుట్ర అన్నమాట పూర్తిగా అబద్ధం కాదు. ఆ కుట్ర వల్ల ఏడేళ్ల పిల్లవాడికి కొంత విశ్రాంతి దొరికిందన్నదీ అబద్ధం కాదు. 1881 చట్టం 7 నుంచి 12 ఏళ్ల పిల్లలకు 9 గంటల పరిమితి పెట్టింది. పెద్దవాళ్ల ఊసే ఎత్తలేదు. 1891లో ఆడవాళ్లకు 11 గంటలు, వారానికో సెలవు వచ్చాయి. ఆ సెలవు కూడా ఊరికే రాలేదు. నారాయణ్ మేఘాజీ లోఖండే 1884 నుంచి మిల్లు కార్మికులను కూడగట్టి అడుగుతూ వచ్చాక, 1890 జూన్‌లో బొంబాయి మిల్లు యజమానుల సంఘం ఆదివారం సెలవుకు ఒప్పుకుంది.

మగవాళ్ల గంటలు మాత్రం 1911 దాకా ఎవరూ ముట్టుకోలేదు. ఈలోగా బొంబాయి మిల్లులకు కరెంటు దీపాలు వచ్చాయి. సాల్ఫర్డ్‌లో గ్యాస్ చేసిన పనే ఇక్కడ కరెంటు చేసింది. 1905లో పనిదినం 14, 15 గంటలకు సాగింది, మిల్లుల్లో అలజడి రేగింది. 1907లో వేసిన ఫ్యాక్టరీ లేబర్ కమిషన్‌లో మద్రాసు డాక్టర్ టి.ఎం. నాయర్ సభ్యుడు. మగవాళ్ల గంటల మీద నేరుగా పరిమితి అక్కర్లేదని మెజారిటీ అంటే, ఆయన ఒప్పుకోక వేరుగా నివేదిక రాశాడు. చివరికి 1911 చట్టం బట్టల మిల్లుల్లో మగవాళ్లకు 12 గంటల హద్దు పెట్టింది. తర్వాత జస్టిస్ పార్టీ వ్యవస్థాపకుల్లో ఒకరిగా ఆయన పేరు తెలిసినంతగా ఈ సంగతి తెలియదు.

8 ఎక్కడి నుంచి వచ్చింది

8 గంటల పని, 8 గంటల వినోదం, 8 గంటల విశ్రాంతి అన్న నినాదం రాబర్ట్ ఓవెన్‌ది, 1817 నాటిది. ఆయన స్వయంగా స్కాట్లండ్‌లో న్యూ లానార్క్ మిల్లు నడిపినవాడు. 1856 ఏప్రిల్‌లో మెల్‌బోర్న్‌లో రాతిపని మేస్త్రీలు పనిముట్లు కింద పెట్టి ఊరేగింపు తీసి 8 గంటలు సాధించారు. 1886 మే 1న అమెరికాలో సమ్మె, మూడు రోజుల తర్వాత షికాగో హే మార్కెట్‌లో బాంబు, తర్వాత ఉరిశిక్షలు, 1890 నుంచి మేడే. ఈ కథ తెలిసిందే.

అంతగా చెప్పుకోనిది యజమానుల వైపు కథ. 1914 జనవరిలో హెన్రీ ఫోర్డ్ రోజుకు 5 డాలర్ల కూలి ప్రకటిస్తూ పనిదినాన్ని 9 నుంచి 8 గంటలకు తగ్గించాడు. అంతకుముందు ఏడాది అతని ఫ్యాక్టరీలో మానేసి వెళ్లేవాళ్ల రేటు 370 శాతం. వంద మంది పనిలో ఉంచాలంటే ఏడాదిలో దాదాపు 370 మందిని తీసుకోవాల్సి వచ్చిందన్నమాట. కదిలే అసెంబ్లీ లైన్ మీద పని అంత విసుగు పుట్టించేది. కొత్తవాణ్ని తీసుకుని నేర్పే ఖర్చు కంటే పాతవాడికి ఎక్కువిచ్చి నిలబెట్టుకోవడం చవక. ఇంకో లెక్క కూడా ఉంది. రోజుకు 9 గంటల షిఫ్టులు రెండైతే యంత్రం 18 గంటలే తిరుగుతుంది. 8 గంటల షిఫ్టులు మూడైతే 24 గంటలూ తిరుగుతుంది. కార్మికుడి గంటలు తగ్గాయి, యంత్రం గంటలు పెరిగాయి. ఇద్దరూ గెలిచిన అరుదైన సందర్భం.

8కి ఉన్న బలం ఇదే. అది 24ని నిశ్శేషంగా భాగిస్తుంది. కొలిమి ఆరకూడని ఉక్కు కర్మాగారం, ఆగకూడని రసాయన పరిశ్రమ మూడు ఎనిమిదులైనా పెట్టుకోవాలి, రెండు పన్నెండులైనా పెట్టుకోవాలి. జంషెడ్‌పూర్‌లో టాటా ఉక్కు కంపెనీ 1912లోనే 8 గంటలకు మారింది. అమెరికాలో యు.ఎస్. స్టీల్ 12 గంటల షిఫ్టును 1923 దాకా వదల్లేదు. 10 అలా భాగించదు. కాబట్టి ఇప్పుడొచ్చిన 10 గంటల వెసులుబాటు విశాఖ ఉక్కు లాంటి నిరంతర పరిశ్రమకు పెద్దగా పనికిరాదు. పనికొచ్చేది బట్టలు కుట్టేచోట, చెప్పులు తయారుచేసేచోట, ఎలక్ట్రానిక్ వస్తువులు బిగించేచోట. ఒకటి రెండు షిఫ్టుల్లో నడిచి, ఎగుమతి ఆర్డర్ తేదీకి పరుగులు పెట్టే పరిశ్రమలివి. వీటిలో ఎక్కువమంది ఆడవాళ్లు.

1919, 1946: మన చట్టం ఎలా దిగివచ్చింది

1919లో ఏర్పడిన అంతర్జాతీయ కార్మిక సంస్థ తన మొదటి ఒడంబడికగా రోజుకు 8, వారానికి 48 గంటలు అని రాసింది. అందులోనే బ్రిటిష్ ఇండియాకు మినహాయింపు ఇచ్చి వారానికి 60 అంది, జపాన్‌కు 57. భారత్ 1921లో దానికి ఆమోదం తెలిపింది. ఒడంబడికను ముందుండి నడిపిన బ్రిటన్ మాత్రం ఇప్పటిదాకా ఆమోదించలేదు.

ఆ తర్వాత మెట్లు ఇలా దిగాయి. 1922లో రోజుకు 11, వారానికి 60. 1934లో రోజుకు 10, వారానికి 54. 1946లో రోజుకు 9, వారానికి 48. 1948 చట్టం ఈ చివరి అంకెలనే తీసుకుంది.

ప్రతి మేడేకి వాట్సాప్‌లో తిరిగే ఒక పోస్టు గురించి ఇక్కడ చెప్పుకోవాలి. బాబాసాహెబ్ అంబేడ్కర్ 1942లో పని గంటలను 14 నుంచి 8కి తగ్గించారని అందులో ఉంటుంది. 1942 నాటికే చట్టం 10 గంటల దగ్గర ఉంది. అంబేడ్కర్ పాత్ర మాత్రం నిజమే. వైస్రాయ్ కార్యనిర్వాహక మండలిలో 1942 నుంచి 1946 దాకా కార్మిక శాఖ ఆయనదే. వారానికి 54 నుంచి 48కి తగ్గించే సవరణ బిల్లును 1946లో కేంద్ర శాసనసభలో పెట్టి వాదించింది ఆయనే. ఉన్న పనే చాలినంత పెద్దది, 14 అంకెను అతికించాల్సిన అవసరం లేదు.

ఓటీలో దాగిన గంటలు

ఇప్పుడు 2025కి వద్దాం. ఆంధ్రప్రదేశ్ సవరణలో నాలుగు మార్పులు పని సమయానికి సంబంధించినవి. రోజు పరిమితి 9 నుంచి 10. విరామం లేకుండా వరసగా చేయించగల పని 5 గంటల నుంచి 6. స్ప్రెడ్ ఓవర్ పదిన్నర నుంచి 12. మూడు నెలలకు ఓటీ పరిమితి 75 గంటల నుంచి 144. తెలంగాణ ఉత్తర్వులో కూడా 12 గంటల స్ప్రెడ్ ఓవర్, 144 గంటల ఓటీ ఉన్నాయి. వార్తల్లో హెడ్డింగ్ అయింది మొదటిది. బరువంతా చివరిదాంట్లో ఉంది.

లెక్క కష్టమేం కాదు. మూడు నెలలంటే 13 వారాలు. 75 గంటల ఓటీని 13తో భాగిస్తే వారానికి 6 గంటలకు కాస్త తక్కువ. 48కి కలిపితే దాదాపు 54. అదే 144ని 13తో భాగిస్తే 11 గంటలు. 48కి కలిపితే 59. ఈ రెండు అంకెలు ఇంతకుముందు ఎక్కడో చూసినట్టుంటే అది పొరపాటు కాదు. 54 అంటే 1934 చట్టం వారం పరిమితి. 59కి ఒకటి కలిపితే 1922 చట్టం. స్ప్రెడ్ ఓవర్ 12 గంటలంటే 1850 నాటి ఇంగ్లండ్ మిల్లు, ఉదయం 6 నుంచి సాయంత్రం 6.

అయితే పోలిక ఇక్కడితో ఆపితే అన్యాయమవుతుంది. 1922లో 60 గంటలూ మామూలు కూలికే. ఇప్పుడు 48 దాటిన ప్రతి గంటకూ రెట్టింపు వేతనం ఇవ్వాలి. పైగా 144 అన్నది గరిష్ఠ హద్దు, అంతా వాడుకుంటారని కాదు. కొత్త కోడ్ ప్రకారం ఓటీకి కార్మికుడి అంగీకారం కూడా కావాలి.

కాబట్టి అసలు ప్రశ్న ఆ రెట్టింపు మీద ఉంది. పీఎఫ్, ఈఎస్ఐ, బోనస్, గ్రాట్యుటీ అన్నీ కలిపినా కొత్త ఉద్యోగి గంట ఖరీదు పాత ఉద్యోగి రెట్టింపు ఓటీ గంటకంటే తక్కువే పడుతుంది. చట్టం కోరుకున్నదీ అదే. ఓటీని ఖరీదు చేస్తే యజమాని ఇంకో మనిషిని తీసుకుంటాడు. రెట్టింపు ఇవ్వాల్సిందేనంటే, ఆర్డర్లు ఒక్కసారి పెరిగినప్పుడే ఓటీ వాడటం లాభం. సింగిల్ రేటుకే ఓటీ దొరికితే మాత్రం లెక్క తలకిందులవుతుంది. అప్పుడు కొత్తవాళ్లను తీసుకోవడం దండగ, ఉన్నవాళ్ల చేతే ఏడాది పొడవునా చేయించుకోవచ్చు. కోవిడ్ సమయంలో గుజరాత్ ప్రభుత్వం సరిగ్గా ఇదే చేసింది. 12 గంటల పని, అదనపు గంటలకు మామూలు రేటే అంటూ నోటిఫికేషన్ ఇచ్చింది. 2020 అక్టోబరు 1న సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. మిగతా రాష్ట్రాల్లో కర్ణాటక 2023లో 12 గంటలకు దారి తెరిచింది. తమిళనాడు అదే ఏడాది ఏప్రిల్‌లో బిల్లు పాస్ చేసి, నిరసనలు రావడంతో మేడే రోజునే వెనక్కి తీసుకుంది.

ఉత్పత్తి మాటేమిటి?

గంటలు పెంచితే ఉత్పత్తి అంతే నిష్పత్తిలో పెరుగుతుందన్న నమ్మకానికి ఆధారాలు బలహీనం. మొదటి ప్రపంచ యుద్ధంలో బ్రిటన్ ఆయుధ ఫ్యాక్టరీల కోసం ఒక ఆరోగ్య కమిటీ వేసి, కార్మికుల గంటలను, వాళ్లు తయారుచేసిన సరుకును లెక్క రాయించింది. ఆ పాత లెక్కలను 2014లో జాన్ పెంకావెల్ అనే ఆర్థికవేత్త మళ్లీ విశ్లేషించాడు. వారానికి సుమారు 49 గంటల దాకా గంటలతో పాటు ఉత్పత్తి పెరిగింది. ఆ తర్వాత పెరుగుదల మందగించింది. 70 గంటలు చేసినప్పుడూ 56 గంటలు చేసినప్పుడూ వచ్చిన సరుకులో పెద్ద తేడా లేదు. వారానికి 70, 90 గంటలు పనిచేయాలని మన కార్పొరేట్ ప్రముఖులు 2023, 2025లలో అన్న మాటలు ఈ లెక్క ముందు నిలవవు. అయితే ఆ మాటలు ఫ్యాక్టరీ కార్మికుల గురించి కాదు, ఆఫీసుల గురించి. అక్కడ సరుకును లెక్కపెట్టడమే కష్టం కాబట్టి వాదన సాగుతూనే ఉంటుంది.

ఇతర దేశాల దారులు రెండు రకాలు. అమెరికా 1938 చట్టంతో 40 గంటల వారానికి చేరింది గానీ పెద్దవాళ్లకు గంటల పరిమితి పెట్టలేదు. 40 దాటితే ఒకటిన్నర రెట్లు ఇమ్మంటుంది, అంతే. ధరతోనే అదుపు. దక్షిణ కొరియా 2018లో వారం పరిమితిని ఓటీతో సహా 68 నుంచి 52కి తగ్గించింది. అది హద్దుతో అదుపు. ఎక్కువ గంటల పనితోనే పైకొచ్చిన దేశంగా మన దగ్గర ఉదాహరణ చెప్పే కొరియా, పైకొచ్చాక గంటలు తగ్గించుకుంటోంది. మన చట్టం రెండు దారులనూ కలిపి వాడుతుంది. ఇప్పుడు హద్దు సడలుతోంది కాబట్టి బరువంతా ధర మీద, అంటే రెట్టింపు వేతనం నిజంగా అందుతుందా లేదా అన్న తనిఖీ మీద పడుతుంది.

తనిఖీ వ్యవస్థ కూడా ఇదే సమయంలో మారుతోంది. కోడ్‌లలో ఇన్‌స్పెక్టర్ పేరు "ఇన్‌స్పెక్టర్ కమ్ ఫెసిలిటేటర్" అయింది. ఏ ఫ్యాక్టరీకి వెళ్లాలో కంప్యూటర్ ఎంపిక చేసే పద్ధతికి కోడ్ చోటిచ్చింది. వేధింపులు తగ్గుతాయని పరిశ్రమల వాదన, ఫిర్యాదు చేసినా వచ్చేవాడుండడని సంఘాల భయం. కరెంటుతో నడిచే యూనిట్ ఫ్యాక్టరీగా లెక్కకు రావాలంటే ఇదివరకు 10 మంది కార్మికులు చాలు. కొత్త కోడ్‌లో 20 మంది కావాలి.

రోజువారీ జీవితంలో కనిపించే మార్పు మాత్రం గంట కంటే ఎక్కువే ఉంటుంది. అచ్యుతాపురం, తడ లాంటి చోట్ల ఫ్యాక్టరీలకు చుట్టుపక్కల ఊళ్ల నుంచి ఆడవాళ్లు బస్సుల్లో వస్తారు. 12 గంటల స్ప్రెడ్ ఓవర్‌కు రానూ పోనూ బస్సు గంటన్నర చొప్పున కలిపితే 15 గంటలు. ఇంట్లో వంట, పిల్లలు, నిద్ర మిగిలిన 9 గంటల్లో సర్దుకోవాలి. బస్సు సమయాన్ని ఈ పని గంటల చట్టాలు లెక్కలోకి తీసుకోలేదు. పైకి చిన్న విషయంగా కనిపించినా, పెళ్లయ్యాక ఎంతమంది ఆడవాళ్లు ఉద్యోగంలో కొనసాగుతారన్నది దీనిమీద కూడా ఆధారపడవచ్చు. ఇదే పనిని 10 గంటల చొప్పున నాలుగు రోజులు, ఐదో రోజు 8 గంటలుగా సర్దితే వారానికి రెండు సెలవులు వస్తాయి. అప్పుడు ఈ మార్పే ఆడవాళ్లకు మేలు కావచ్చు. చట్టం రెండింటికీ వీలిస్తోంది. ఏది జరుగుతుందో ఆర్డర్ పుస్తకం, సంఘం బలం తేలుస్తాయి.

గేటే లేని చోట

ఈ అంకెలన్నీ గేటు, మస్టర్, జీతం పట్టిక ఉన్నచోటే పనిచేస్తాయి. సిరిసిల్లలో మరమగ్గాలను సాంచాలంటారు. అక్కడ కార్మికుడు 12 గంటల షిఫ్టు చేయడం కొత్త కాదు, ఏ సవరణ కోసమూ ఆగలేదు. ఒకేసారి పలు సాంచాలు చూసుకుంటూ, నేసిన గుడ్డ లెక్కన కూలి తీసుకుంటాడు. సాంచాల యజమాని చాలాసార్లు పెద్ద సేటు కాదు, నాలుగైదు సాంచాలు పెట్టుకుని వేరొకరి నూలు తెచ్చి నేయించే చిన్న ఆసామి. కరెంటు పోయినా, ఆర్డర్ రాకపోయినా నష్టం కార్మికుడిదే, ఎందుకంటే అతని సమయాన్ని ఎవరూ కొనలేదు. సూరత్, భివండిలకు వలసపోయిన తెలుగు నేత కార్మికులకూ ఇదే లెక్క.

హైదరాబాద్‌లో బైకు మీద భోజనం చేరవేసే కుర్రాడి పరిస్థితి పైకి ఎంత ఆధునికంగా కనిపించినా లెక్క అదే, ఆర్డర్‌కు ఇంత. సామాజిక భద్రత కోడ్ గిగ్ కార్మికులను గుర్తించింది గానీ, వాళ్ల పనిదినానికి హద్దు పెట్టలేదు. లాగిన్ అయి ఆర్డర్ కోసం చెట్టు కింద ఎదురుచూసే సమయం, 1840లలో రిలే పద్ధతిలో మిల్లు గోడ పక్కన కూర్చున్న పిల్లల సమయం లాంటిదే.

నిజామాబాద్, కరీంనగర్ పల్లెల్లో బీడీలు చుట్టే ఆడవాళ్లకు గేటూ లేదు, లాగినూ లేదు. రాత్రి తునికాకు నానబెట్టడం, తెల్లవారి కత్తిరించడం, వంటయ్యాక చాట ఒళ్లో పెట్టుకుని చుట్టడం. మధ్యలో అత్తో కూతురో ఓ చేయి వేస్తారు. సాయంత్రం కార్ఖానాకు తీసుకెళ్తే, ఏరివేతలు పోను మిగిలిన బీడీలకు వెయ్యికి ఇంత అని కట్టిస్తారు. ఎన్ని గంటలు పట్టిందన్నది ఆ చిట్టాలో ఉండదు.